ఇసుక టిప్పర్ పట్టుకున్నారు, కాగితం ఇవ్వలేదు: రిట్ వేయొచ్చా?

ప్రశ్న: మాది ఉప్పల్. భూపాలపల్లి వైపు టీజీఎండీసీ (రాష్ట్ర ఖనిజాభివృద్ధి సంస్థ) స్టాక్‌యార్డులో ఆన్‌లైన్ బుకింగ్ మీద ఇసుక ఎత్తుకుని మా టిప్పర్ వస్తుంటే ఆలేరు దగ్గర టైరు పేలింది. ఆ ఆలస్యానికి వే బిల్లు (ఇసుక రవాణా అనుమతి పత్రం) టైము దాటిపోయింది. బీబీనగర్ దగ్గర గూడూరు టోల్ దాటాక రెవెన్యూ వాళ్లు ఆపి, బండిని పోలీస్ స్టేషన్‌లో పెట్టించారు. నెలన్నర అయింది. జరిమానా కట్టమని నోటిమాటగా చెబుతున్నారు, ఎంతో రాసివ్వరు. కిస్తీలు మాత్రం ఆగడం లేదు. హైకోర్టులో రిట్ వేస్తే బండి బయటికొస్తుందా?

జవాబు: రావచ్చు. అయితే రిట్ (అధికారుల చర్యను సవాలు చేస్తూ హైకోర్టులో వేసే పిటిషన్) ఆలోచన చేసే ముందు, మీ బండి చట్టం లెక్కలో ఎవరి చేతిలో ఉందో తేల్చుకోండి. స్టేషన్ ఆవరణలో కనబడుతోందని పోలీసులు సీజ్ చేసినట్టు కాదు. ఎఫ్ఐఆర్ అయిందా, లేక తహసీల్దారు పంచనామా రాసి బండిని అక్కడ ఉంచమన్నారా? ఏ కోర్టు మెట్లెక్కాలో దీన్నిబట్టే ఉంటుంది.

ఎఫ్ఐఆర్ ఉండి, అందులో దొంగతనం సెక్షన్ (భారతీయ న్యాయ సంహిత, అంటే బీఎన్ఎస్, 303) పెడితే, దారి మేజిస్ట్రేట్ కోర్టుకే. బీఎన్ఎస్ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) 497, 503 సెక్షన్ల కింద మధ్యంతర కస్టడీ పిటిషన్, అంటే కేసు తేలేదాకా బండిని మీకు అప్పగించమని, వేయాలి. సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో 2002లోనే సుప్రీంకోర్టు, పట్టుకున్న వాహనాలను స్టేషన్లలో తుప్పు పట్టనివ్వొద్దని, బాండు, పూచీకత్తు తీసుకుని త్వరగా ఇచ్చేయమని చెప్పింది. ఈ దారి ఉండగా రిట్ వేస్తే, ముందు అక్కడికి వెళ్లమని హైకోర్టు పంపేసే అవకాశమే ఎక్కువ. గనుల చట్టం సెక్షన్లు కూడా కలిపి ఉంటే, ఆ కేసులు మీ జిల్లాలో ఏ కోర్టు చూస్తుందో ముందే కనుక్కోండి.

ఎఫ్ఐఆర్ లేదనుకుందాం. మీరు రాసినదాన్నిబట్టి నాకలాగే అనిపిస్తోంది. అప్పుడు రిట్‌కు బలముంది. హైకోర్టు మీ ఇసుక తూకం వేయదు, వే బిల్లు ఎన్ని గంటలు దాటిందో విచారించదు. రాజ్యాంగం 226 అధికరణం కింద చూసేది వేరు: పట్టుకున్న అధికారికి ఆ అధికారం ఉందా, ఉంటే చట్టం చెప్పిన పద్ధతిలో వాడారా, మీ మాట విన్నారా.

1957 నాటి గనులు, ఖనిజాల చట్టం సెక్షన్ 21(4) ప్రకారం వాహనాన్ని సీజ్ చేయాల్సింది ప్రభుత్వం ప్రత్యేకంగా అధికారమిచ్చిన అధికారి. బండిని శాశ్వతంగా జప్తు చేయడం 21(4ఎ) కింద కోర్టు పని, ఆఫీసు పని కాదు. సీజ్ చేశాక కోర్టులో ఫిర్యాదు వేయకుండా, ఉత్తర్వు ఇవ్వకుండా, జరిమానా ఎంతో కూడా రాయకుండా నెలన్నర ఉంచుకోవడానికి సమర్థన దొరకడం కష్టం. పైగా సుప్రీంకోర్టు తీర్పిచ్చిన మొహిందర్ సింగ్ గిల్ కేసు నుంచి ఒక సూత్రం స్థిరపడి ఉంది: ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత కౌంటర్ అఫిడవిట్‌లో (అధికారులు కోర్టుకిచ్చే జవాబులో) కొత్తగా అతికించడం కుదరదు. మీ కేసులో అసలు ఉత్తర్వే లేదు కదా!

అయినా రేపే హైకోర్టుకు పరుగెత్తకండి. ముందు బండి విడుదల చేయాలని, పంచనామా నకలు ఇవ్వాలని తహసీల్దారుకు, గనుల శాఖ ఏడీకి (అసిస్టెంట్ డైరెక్టర్‌కు) అర్జీ పెట్టి, నకలు మీద స్టాంపు వేయించుకోండి. తీసుకోకపోతే రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. అడిగినా ఇవ్వలేదన్న రుజువు లేకుండా రిట్ వేస్తే, ‘అర్జీ పెట్టుకోండి, పరిశీలిస్తారు’ అన్న ఉత్తర్వుతో తిరిగిరావాల్సి వస్తుంది.

టైరు పేలిన సంగతికి నోటిమాట చాలదు. ఫాస్టాగ్ స్టేట్‌మెంట్ తీయించండి. జనగామకు ముందున్న కోమల్ల టోల్ ఎన్నింటికి దాటారు, గూడూరు టోల్ ఎన్నింటికి దాటారు అన్నది అందులో నిమిషాలతో సహా ఉంటుంది. ఆ మధ్య ఖాళీకి టైరు షాపు బిల్లు, జీపీఎస్ రికార్డు జోడిస్తే మీ వాదన నిలబడుతుంది. గడువు దాటిన వే బిల్లు, అసలు వే బిల్లే లేకపోవడం రెండూ ఒకటి కావని చెప్పడానికి ఇంతకన్నా మంచి కాగితం ఉండదు. ఆర్‌సీ, ఇన్సూరెన్స్, ఫిట్‌నెస్, ఫైనాన్స్ వాళ్ల ఎన్ఓసీ (అభ్యంతరం లేదన్న పత్రం) కూడా దగ్గర పెట్టుకోండి.

జరిమానా కట్టేసి బయటపడదామని చాలామంది అనుకుంటారు. కిస్తీల బాధ తెలిసినవాణ్ని కాబట్టి వద్దనను. కానీ రసీదు లేకుండా పైసా కట్టొద్దు, ఏ రూలు కింద అన్నది అందులో రాయించండి, అభ్యంతరంతో కడుతున్నానని లేఖ ఇవ్వండి. ఇంకో మెలిక ఉంది. జయంత్ కేసులో 2020లో సుప్రీంకోర్టు చెప్పినట్టు, డబ్బు కట్టి రాజీ చేసుకుంటే గనుల చట్టం కింద కేసు పోతుంది గానీ, దొంగతనం కేసు ఉంటే అది పోదు. అందుకే కట్టేముందు ఎఫ్ఐఆర్ ఉందో లేదో స్టేషన్‌లో నేరుగా అడగండి, పోలీసు వెబ్‌సైట్‌లోనూ చూడండి.

రిట్‌లో ప్రధాన అభ్యర్థనతోపాటు మధ్యంతరంగా బండి ఇప్పించాలని విడిగా అప్లికేషన్ వేయించండి. ఇస్తే బాండు, పూచీకత్తు, బండి అమ్మకూడదన్న షరతు ఉంటాయి. ఉత్తర్వు పట్టుకుని స్టేషన్‌కు వెళ్లిన రోజు బ్యాటరీ, స్టెప్నీ, డీజిల్ చూసుకుని, ఏవి లేవో రాయించాకే సంతకం పెట్టండి.