1977 దివిసీమ ఉప్పెన లాంటిది మళ్లీ వస్తే వరంగల్ దాకా నీళ్లొస్తాయా?

రావు, ఎందుకంటే ఉప్పెన అంటే తుఫాను గాలికి సముద్రపు నీరే లేచి ఊళ్ల మీద పడటం, వరంగల్ ఏమో తీరానికి దాదాపు 250 కిలోమీటర్ల దూరంలో, సముద్ర మట్టానికి 250 మీటర్లకు పైన ఉంది. దివిసీమ సంగతి వేరు. అది కృష్ణా నది సముద్రంలో కలిసే చోట ఉన్న పల్లపు నేల. 1977 నవంబర్ 19న అక్కడ మీటర్ల ఎత్తున నీరు వచ్చి పడింది, అధికారిక లెక్కే దాదాపు 10,000 మరణాలు, పొలాల్లో ఉప్పు పేరుకుపోయింది.

ఆ దెబ్బతోనే తీరంలో తుఫాను షెల్టర్లు కట్టారు, జనాన్ని ముందే ఖాళీ చేయించడం అలవాటైంది. 1990 మేలో ఇంచుమించు అంతే బలమైన తుఫాను అదే కోస్తాను తాకితే, లక్షకు పైగా జనాన్ని ముందే తరలించడంతో మరణాలు వెయ్యి లోపే ఆగాయి.

చాలామంది పొరపాటు పడేది ఇక్కడే: తీరం దాటాక తుఫాను బలహీనపడుతుంది కదా, మనకేం టెన్షన్ అనుకుంటారు. బలహీనపడేది గాలి. సముద్రం మీద నుంచి మోసుకొచ్చిన తేమ ఎక్కడో ఒకచోట కురవాల్సిందే, కదలిక నెమ్మదిగా ఉంటే ఒక్క చోటే కుమ్మేస్తుంది. 2025 అక్టోబర్‌లో మొంథా తుఫాను కోస్తాలో తీరం దాటితే ఇక్కడ వరంగల్, హనుమకొండల్లో కాలనీలు మునిగాయి. అది ఉప్పెన కాదు, పోయే దారి లేని వాన నీరు.