బోరు దించకముందు బావి కొలవండి

అన్నా, ఆకేరు వాగులో ఇసుక తోడినప్పటి నుంచి ఒడ్డు బావి ఎండుతోందని, బోరు ఇంకా లోతుకు దించాలా అని అడిగారు. తొందరపడొద్దు. మన వరంగల్ వైపు కింద గ్రానైట్. పగులు తగిలితేనే నీళ్లు, లేకుంటే దుమ్మే. మీ బావిని నింపేది వాగు ఇసుకే. వాగులో ఇసుక గుంత నీటిమట్టం దాటి తవ్వితే బావి నీళ్లే అటు దిగుతాయి.

తాడుకు రాయి కట్టి, గట్టు నుంచి నీటి దాకా పదిహేను రోజులకోసారి కొలిచి తేదీతో రాయండి. తెల్లారగట్ల, మోటారు వేయకముందే కొలవాలి. ఇసుక తవ్వకానికి అనుమతిచ్చిన లోతెంతో సమాచార హక్కు కింద అడగండి. కేంద్రం 2016 మార్గదర్శకాల ప్రకారం 3 మీటర్లు దాటకూడదు. వాల్టా (నీరు, భూమి, చెట్ల పరిరక్షణ) చట్టం కింద తహసీల్దార్‌కు ఫిర్యాదు ఇచ్చి, కాపీ జిల్లా భూగర్భజల అధికారికి పంపండి. గుంతల ఫొటోలు మాత్రం మరవొద్దు, ఆఫీసుల్లో ఉత్త నోటిమాట నడవదు.