ఒక్కో ఫ్రేమూ చూసి రాయి

చిరంజీవి అమ్మాయికి ఆశీస్సులు.

మూకీల తొలిరోజుల్లో కెమెరా మాయలు చేసిన స్పెయిన్ దర్శకుడు సెగుందో దె చొమోన్ మీద నువ్వు రాసిన వ్యాసం అందింది. రెండుసార్లు చదివాను. ఆయన గురించి తెలుగులో రాయాలని నీకు తోచినందుకే నాకు సంతోషంగా ఉంది. కానీ మొదటి వాక్యం కొట్టెయ్యి. ‘స్పెయిన్ మెలియెస్’ అని ఎత్తుకున్నావు. 1908లో చొమోన్ తీసిన చంద్రయాత్ర, ఫ్రాన్సులో మాయాచిత్రాలు తీసిన మెలియెస్ దారిలోదే, నిజమే. అయినా ఒకరిని ఇంకొకరి పేరుతో పరిచయం చేస్తే పాఠకుడి కళ్లు ఆ రెండోవాడి మీదే ఉంటాయి.

‘బహుముఖ ప్రజ్ఞాశాలి’ అన్న మాట మూడుచోట్ల ఉంది. మూడూ తీసేసి, ఆ చోట్లో ఆయన చేసిన పని రాయి. ‘ఎలక్ట్రిక్ హోటల్’ (1908) సంగతే చూడు. భార్యాభర్తలు హోటల్లో దిగుతారు. పెట్టెలు వాటంతటవే మేడెక్కుతాయి, బ్రష్షు బూట్లు తుడుస్తుంది, ఎవరి చెయ్యీ లేకుండా ఆవిడ తల దువ్వడం అయిపోతుంది. ఇంతవరకూ బాగా రాసి అక్కడ ఆగిపోయావు. ఇప్పుడు వెళ్లి కెమెరా పక్కన నిలబడు. హ్యాండిల్ తిప్పితే ఒక్క ఫ్రేము. ఆపాలి. వస్తువును రవ్వంత జరపాలి. మళ్లీ ఒక్క ఫ్రేము. సెకనుకు 16 చొప్పున లెక్కేసుకున్నా నిమిషం బొమ్మకు 960. ఆ కుర్చీలో కూర్చున్నది చొమోన్ భార్య, ఫ్రెంచి నటి జూలియెన్ మత్యూ. వస్తువు జరిపిన ప్రతిసారీ ఆవిడ మెడ కదలకుండా ఎలా బిగబట్టి ఉంటుందో ఆలోచించు.

జపాన్ గారడీవాళ్ల ‘కిరికి’ (1907)ని ఒక్క వాక్యంలో దాటేశావు. నాకు బాధేసింది. ఒక బుడతడు తనమీద అంతమంది పెద్దవాళ్లను నిలబెట్టుకుంటాడు. అసలు సంగతేమిటంటే అందరూ నల్లటి నేలమీద పడుకుని ఉన్నారు, కెమెరా పైనుంచి చూస్తోంది. అది తెలిశాక మళ్లీ చూడు, గాల్లో పల్టీ కొట్టేవాడు నేలమీద దొర్లుతున్నాడని పోల్చుకుంటావు. తెలిసినా ముచ్చట తగ్గదు. ఎందుకు తగ్గదో నువ్వు రాయాలి.

నా తొలిరోజుల్లో చూడని సినిమా మీద, నాలుగు వ్యాసాలు ముందేసుకుని రాశాను. అచ్చయ్యాక ఒక పెద్దాయన ఉత్తరం రాశారు, నేను వర్ణించిన సన్నివేశం అందులో లేనే లేదని. ఆ సిగ్గు ఇప్పటికీ పోలేదు. అందుకే ఇంత గట్టిగా చెబుతున్నాను.

స్పెయిన్‌లోని తెరువెల్‌లో 1871లో పుట్టడం, పారిస్‌లో 1929లో పోవడం, మధ్యలో ఫ్రెంచి సినిమా కంపెనీ పాతేలో పని, ఇవన్నీ రెండు వాక్యాల్లో ముగించు. ఇటలీలోని తురిన్ రోజుల దగ్గర, ఆ తర్వాతి రోజుల దగ్గర మాత్రం నీతో పేచీ ఉంది. సొంతంగా సినిమాలు తీసిన మనిషి ఇటలీ దర్శకుడు పస్త్రోనే తీసిన ‘కబీరియా’ (1914)కు కెమెరా పట్టడాన్ని, ఫ్రెంచి దర్శకుడు గాన్స్ తీసిన ‘నెపోలియన్’ (1927)కు పనిచేయడాన్ని పతనం అన్నావు. నేనొప్పుకోను. ‘కబీరియా’లో కెమెరా బండిమీద మెల్లగా జరుగుతుంటే ఆ భారీ సెట్లకు లోతు వస్తుంది. అంతకుముందు వస్తువుల్ని రవ్వంత రవ్వంత జరిపిన మనిషే ఇక్కడ కెమెరాను జరిపాడు. పేరు ఎవరిదైతేనేం, అదే పని, అదే ఓర్పు.

ఇంకొక్కటి. ఫిల్ముకు రంగులద్దే పనిలోకి చొమోన్ వచ్చింది మత్యూ ద్వారానే అంటారు. నీ వ్యాసంలో ఆవిడ పేరు ఆఖరి పేజీలో, బ్రాకెట్లో ఉంది. దాన్ని మొదటి పేజీలోకి తెచ్చి, వచ్చే ఆదివారంలోగా మళ్లీ పంపు.