రెండు రేట్ల లెక్కలు చెప్పేముందు

బుజ్జీ,

పెరంబూరులో మీ మేడ మీద సాయంత్రాలు నాలుగు, ఐదు తరగతుల పిల్లలకి లెక్కలు చెప్పబోతున్నావని అన్నయ్య ఫోన్‌లో చెప్పాడు. మనసు నిండిపోయింది. వెంటనే మీ పిట్టగోడ గుర్తొచ్చి దడ కూడా పుట్టింది. అది మోకాలెత్తు లేదు. పిల్లల్ని మెట్లవైపు కూర్చోబెట్టు, గోడ దగ్గరికి ఎవర్నీ పోనివ్వకు. అక్టోబరులో వానలు మొదలవగానే కింద హాల్లోకి మార్చెయ్యి.

రెండు రేట్ల వస్తువులు కలిపి కొనే లెక్కలతో మొదలుపెడతానన్నావట. ఈ ఉత్తరం అందుకే.

లెక్క రెండుసార్లు చదివించు. ప్రతి అంకె పక్కన అది రూపాయలో, వస్తువులో రాయించు. జవాబు వచ్చాక తిరిగి వేసి సరిచూడమను. ఇవన్నీ నీకు తెలిసినవే. మన పిల్లలు ఇంట్లో తెలుగు, బడిలో తమిళం, ఇంగ్లీషు మాట్లాడతారు కదా, పెన్సిల్ పట్టకముందు ఎవరు కొన్నారో, ఏం కొన్నారో కథలా నోటితో చెప్పించు. ఏ భాషలో చెప్పినా సరే. ‘మొత్తం అంటే కూడిక, మిగిలింది అంటే తీసివేత’ అని మాత్రం నేర్పకు తల్లీ. ఆ ఒక్క మాట కోసం వెతుక్కుంటూ లెక్క చదవడమే మానేస్తారు.

నా అసలు భయం వేరు. నువ్వు నాలుగో తరగతిలో ఉండగా సాయంత్రాలు వాషర్‌మన్‌పేటలో మా ఇంట్లో చదువుకునేదానివి. ఐదు రూపాయల పెన్సిళ్లు, ఎనిమిది రూపాయల పెన్నులు కలిపి 12 కొంటే 78 రూపాయలైంది, ఏవి ఎన్ని అని బడిలో ఇచ్చారు. నువ్వు ఐదూ ఎనిమిదీ కలిపి 13 చేశావు, 78ని 13తో భాగించి ఆరేసి అన్నావు. జవాబు సరైనదే. ఎర్ర సిరాతో టిక్కు పడింది. ఎలా చేశావని అడిగినవాళ్లు లేరు. మర్నాడు అదే లెక్క 75 రూపాయలతో ఇచ్చారు. 13తో భాగిస్తే 10 మిగిలింది. కొట్టేసి మళ్లీ చేశావు, మళ్లీ 10. కాగితం చిరిగేదాకా రబ్బరుతో రుద్దావు. ఆఖరికి పుస్తకం మూసేసి "నాకు లెక్కలు రావత్తా" అన్నావు. తొమ్మిదేళ్ల పిల్ల నోట ఆ మాట వినడం ఎంత కష్టమో ఇప్పుడు నీకూ తెలుస్తుంది.

రెండు రకాలూ సమానంగా కొన్నప్పుడే 13తో భాగించడం చెల్లుతుంది. సమానంగా కొన్నారని లెక్కలో ఎక్కడా లేదు. పొరపాటు మొదటిరోజే ఉంది, ఆ టిక్కు దాన్ని కప్పేసింది. కాబట్టి జవాబు సరిగ్గా తెచ్చిన పిల్లనే ముందు అడుగు, ఎలా చేశావమ్మా అని. తప్పు వచ్చినవాళ్లు ఎలాగూ నీ దగ్గరికే వస్తారు.

ఆ రాత్రి నేల మీద 12 చింతపిక్కలు పరిచాం. అన్నీ పెన్సిళ్లే అనుకున్నాం, 60 రూపాయలు. ఇంకా 15 మిగిలాయి. నువ్వు ఒక పిక్క తీసి ఆ చోట గవ్వ పెట్టావు. పెన్సిలు పోయి పెన్ను వచ్చింది, మూడు రూపాయలు చెల్లిపోయాయి. ఐదో గవ్వకి 15 అయిపోయాయి. ఐదు పెన్నులు, ఏడు పెన్సిళ్లు. అంతటితో ఊరుకోలేదు నువ్వు, "అన్నీ పెన్నులే అనుకుంటే?" అన్నావు. 96 అవుతుంది, 21 ఎక్కువ, మూడేసి తగ్గిస్తే ఏడు పెన్సిళ్లు. ఆ ప్రశ్న నేను నేర్పింది కాదు. ఎక్స్, వైలకి తొందరపడొద్దని అందుకే అంటున్నాను. చేత్తో మార్చి చూసిన పిల్లలకి అవి తర్వాత తేలిగ్గా వస్తాయి.

చురుకైనవాళ్లకి మహావీరాచార్యుడి లెక్క ఒకటి ఇవ్వు. తొమ్మిదో శతాబ్దపు గణితసారసంగ్రహంలోది. పావులూరి మల్లన తెలుగులోకి తెచ్చింది ఆ గ్రంథాన్నే. రంగాచార్యగారు 1912లో దాన్ని ఇంగ్లీషు అనువాదంతో అచ్చు వేయించింది మీ మద్రాసులోనే. 9 మాదీఫలాలు (పెద్ద నిమ్మజాతి పండ్లు), 7 వెలగపండ్లు కలిపి ధర 107. 7 మాదీఫలాలు, 9 వెలగపండ్లు 101. రెండు బేరాలూ కలిపితే పదహారేసి పండ్లు, 208. అంటే ఒక మాదీఫలం, ఒక వెలగపండు కలిసిన జత 13. నిన్ను ఏడిపించిన పదమూడే, ఇక్కడ మాత్రం పదహారు జతలు నిజంగా ఉన్నాయి. మొదటి బేరంలో రెండు మాదీఫలాలు ఎక్కువ, రెండు వెలగపండ్లు తక్కువ, ధర 6 ఎక్కువ. కాబట్టి ఒక్కోదానికీ తేడా 3. మాదీఫలం 8, వెలగపండు 5. మాదీఫలం తెలియని పిల్లలకి కోయంబేడులో చూసిన పండ్ల పేర్లు పెట్టి చెప్పు.

ఆఫీసు నుంచి అలసిపోయి వస్తావు. విసుగ్గా ఉన్న రోజు కొత్త లెక్క ఎత్తుకోకు, పాతవే చేయించు. పదిమంది ముందు ఎవర్నీ నిలబెట్టి తప్పు చూపించకు. ఏ పిల్లయినా తనకి లెక్కలు రావని అంటే ఆ రోజే నాకు ఫోన్ చెయ్యి, రాత్రి ఎంతైనా ఫరవాలేదు. ఆ పిల్ల ఏం రాసిందో అక్షరం పొల్లుపోకుండా చదివి వినిపించు.

ప్రేమతో,
మీ అత్త, నెల్లూరు