గుర్రుమంటే కొట్టొద్దమ్మా

ప్రశ్న: డాక్టర్ గారూ, మాది రెండేళ్ల నాటు కుక్క, పేరు బ్రౌనీ. ఇంట్లో పిల్లలు మీద పడి ఆడినా ఏమీ అనదు కానీ హాస్పిటల్ గేటు కనిపిస్తే చాలు వణికిపోతుంది. పోయినసారి ఇంజెక్షన్ అప్పుడు ఇద్దరు నొక్కిపట్టి మూతికి తాడు కట్టారు, అప్పట్నుంచి డాక్టర్‌ని చూస్తే గుర్రుమంటోంది, గుర్రుమన్నప్పుడల్లా మా ఆయన ఒకటి వేస్తున్నారు. వచ్చే నెల రేబిస్ టీకా ఉంది, ఏం చెయ్యాలి?
- ఒక పాఠకురాలు, తెనాలి

జవాబు: ముందు ఆ కొట్టడం ఆపించండమ్మా. భయమేస్తోంది దగ్గరికి రావద్దు అని చెప్పడానికి దానికున్న దారి ఆ గుర్రుమనడమే, దెబ్బలు పడితే గుర్రుమనడం మానేస్తుంది గానీ భయం అలాగే ఉంటుంది, ఈసారి హెచ్చరిక లేకుండా నేరుగా కరిచేయొచ్చు. అసలు అంతకుముందే చాలా చెప్తుంది, తిండి లేకపోయినా పెదాలు నాక్కుంటుంది, నిద్ర రాకపోయినా ఆవలిస్తుంది, తోక కాళ్ల మధ్యకి పోతుంది, తల తిప్పేసి కంట్లో తెల్లగుడ్డు కనిపించేలా ఓరగా చూస్తుంది. ఇవి చూడగానే ఆగిపోవాలి.

ఇంకా టైం ఉంది కాబట్టి సూది లేకుండా ఊరికే హాస్పిటల్ దాకా తీసుకెళ్తూ ఉండండి. గేటుకి దూరంగా నిలబడి ఉప్పు కారం వెయ్యని ఉడికించిన చికెన్ ముక్కలు పెట్టి ఇంటికి తెచ్చేయండి, తినట్లేదంటే మరీ దగ్గరికి వెళ్లారన్నమాట. తింటోందంటే ఇంకోరోజు కాస్త ముందుకి.

మూతికి తాడు నాకు అస్సలు నచ్చదు, కుక్క వగర్చే ఒళ్లు చల్లబరుచుకుంటుంది, మన ఎండల్లో నోరు బిగించేస్తే ప్రమాదం. మూతికి తొడిగే బుట్టలాంటి మజిల్ కొనండి, అందులో నోరు తెరవొచ్చు, నీళ్లు తాగొచ్చు, లోపల చికెన్ పెట్టి ఇంట్లోనే మెల్లగా అలవాటు చెయ్యండి.

టీకా రోజు ముందే ఫోన్ చేసి రద్దీ లేని టైం అడగండి, మీ వంతు వచ్చేదాకా బయటే ఉండండి. జారే స్టీలు టేబుల్ మీద కాకుండా నేల మీద మ్యాట్ వేసి, అది తింటుండగా పక్కనుంచి వెయ్యమనండి. అయినా వణుకుతుంటే వెళ్లేముందు ఇంట్లోనే వేసే భయం తగ్గించే మందులున్నాయి, గాబాపెంటిన్ లాంటివి, డోసు మాత్రం డాక్టరే చెప్పాలి, మనుషుల మాత్ర మీరే విరిచి వెయ్యకండి. రేబిస్ లక్షణాలు వచ్చాక బతకడం దాదాపు ఉండదు కాబట్టి టీకా మాత్రం వాయిదా వద్దు, కావాలంటే ఇంటికొచ్చి వేసే డాక్టర్‌ని పిలిపించుకోండి. ఇవన్నీ ఎక్కడ కుదురుతుంది, పట్టుకుని పొడిచేస్తాం అనేవాళ్లైతే నేనైతే డాక్టర్‌నే మార్చేస్తాను.