తిరుపతి వైపు వస్తుంటే కారు టైరు పంచరైతే రోడ్‌సైడ్ అసిస్టెన్స్ నిజంగా వస్తుందా? ఎంతసేపట్లో?

కారు కంపెనీయో ఇన్సూరెన్స్ వాళ్లో పంపే ఆ సాయం వస్తుంది. కానీ వచ్చేవాడు ఏం తెస్తాడన్నదే అసలు సంగతి. చాలాసార్లు బైక్ మీద ఒకతను జాకీ, వీల్ పానా, గాలి కొట్టే చిన్న పంపు పట్టుకుని వస్తాడు. మీ డిక్కీలో ఉన్న స్టెప్నీ బిగించి పోతాడు. కొత్త టైరు తేడు. స్టెప్నీలో గాలి లేదంటే అతనూ మీ పక్కనే నిలబడి టోయింగ్ బండికి ఫోన్ కొడతాడు. ఇన్సూరెన్స్‌తో వచ్చే కవర్‌లో టోయింగ్‌కు సాధారణంగా కిలోమీటర్ల పరిమితి ఉంటుంది, అది దాటాక మీటరు మీ జేబులో తిరుగుతుంది.

కాబట్టి బెంగళూరులోనో చెన్నైలోనో నాలుగు టైర్లకు గాలి చూపించినప్పుడే ఐదోదానికీ చూపించండి. మామూలు సైజు స్టెప్నీలో రెండు మూడు పీఎస్‌ఐ (గాలి ఒత్తిడి కొలత) ఎక్కువే ఉండనివ్వండి. సన్నటి స్టెప్నీ అయితే దానిమీదే రాసి ఉంటుంది, మామూలుగా 60 పీఎస్‌ఐ. బంకు కుర్రాడు మిగతావాటితో పాటు దానికీ 33 కొట్టి పంపేస్తాడు, అక్కడే చిక్కు. ఆ సన్నటి స్టెప్నీ మీద గంటకు 80 కి.మీ. దాటకూడదు.

కొన్ని కొత్త కార్లలో స్టెప్నీయే ఉండటం లేదు. ట్యూబ్‌లెస్ టైర్లు, గాలి తగ్గితే చెప్పే సెన్సర్లు, రిపేరు కిట్టు ఉంటే స్టెప్నీ అక్కర్లేదని 2020లో కేంద్రం నిబంధన మార్చింది. మేకు దిగితే కిట్టు పనిచేస్తుంది. గుంత అంచుకు తగిలి టైరు పక్కగోడ చీలితే కిట్టులోని ఏ జిగురూ ఆపదు. ఆ నిబంధన రాసినవాళ్లను ఒక రాత్రి పలమనేరు–చిత్తూరు దారిలోని మొగిలి ఘాట్‌లో నిలబెట్టాలి!

ఇక ఫోన్ సంగతి. జాతీయ రహదారి మీదైతే ముందు 1033. ఇరవైనాలుగు గంటలూ పనిచేసే హైవే హెల్ప్‌లైన్ అది. పెట్రోలింగ్ బండివాళ్లు మీ టైరు మార్చకపోవచ్చు గానీ వెనక కోన్లు పెడతారు, చీకట్లో ప్రాణం కాపాడేది అదే. తర్వాతే కంపెనీ నంబరు. కాల్ సెంటర్‌లో ఉండేవాళ్లు ఈ ప్రాంతాన్ని మ్యాపులో తప్ప చూసి ఉండరు. ‘చిత్తూరు దాటాక’ అంటే వాళ్లకేం అర్థమవుతుంది? పలమనేరు వైపా, పూతలపట్టు వైపా, రాణిపేట వైపా? రోడ్డు నంబరు, బండి ముఖం ఏ ఊరి వైపుందో, దగ్గర్లోని కిలోమీటరు రాయి మీద అంకె, ఈ మూడూ చెప్పండి. చిత్తూరు–పలమనేరు రోడ్డు నంబరు 69, పీలేరు–తిరుపతి 71, పుత్తూరు–రేణిగుంట 716. దిశ తప్పు చెబితే మెకానిక్ డివైడర్ అవతలికొచ్చి, మిమ్మల్ని చూస్తూనే తర్వాతి యూటర్న్ దాకా పోవాలి. మెకానిక్ నంబరు మెసేజ్‌లో రాగానే లొకేషన్ నేరుగా అతనికే పంపండి. అతను ‘యాడుండారు సార్?’ అని అడిగేదాకా ఆగొద్దు, పీలేరు–తిరుపతి దారిలోని భాకరాపేట ఘాట్ లాంటి చోట సిగ్నల్ అన్ని మలుపుల్లోనూ అందదు.

యాప్‌లో చూపించే నిమిషాలను నమ్మొద్దు. ఊళ్లో అయితే సరే, ఘాట్‌లో గంట దాటినా ఆశ్చర్యం లేదు. తిరుమల ఘాట్ సంగతైతే ఇంకా వేరు. 1944 నాటి పాత రోడ్డు దిగడానికి, 1974 నాటి కొత్త రోడ్డు ఎక్కడానికి. రెండూ వన్‌వేలే. దిగే దారిలో మీ టైరు పోయిందంటే తిరుపతి మెకానిక్ మామూలుగా అలిపిరిలో తనిఖీ దాటి, పైదాకా ఎక్కి, మళ్లీ దిగుతూ మీ దగ్గరికి రావాలి. యాప్‌కు ఇదేం తెలుసు? ఆ రోడ్డు మీద తిరిగే టీటీడీ విజిలెన్స్ వాళ్లకు చెప్పడమే నయం. మలుపులో మాత్రం ఆపొద్దు. రిమ్ము దెబ్బతిన్నా సరే, మెల్లగా తిన్నగా ఉన్న చోటుకు తెచ్చుకోండి.

సొంతంగా మార్చుకునేవాళ్లు వాలు మీద ఒకటి గుర్తుపెట్టుకోవాలి. మన కార్లలో ఎక్కువభాగం ముందు చక్రాలతో నడిచేవి, హ్యాండ్‌బ్రేకు వెనక చక్రాలకు. ముందు చక్రం జాకీ మీద లేపితే గేరు పట్టు పోతుంది, ఎందుకంటే గాల్లో ఉన్న చక్రం ఊరికే తిరుగుతుంది. అప్పుడు బండిని ఆపేది హ్యాండ్‌బ్రేకు ఒక్కటే. వెనకది లేపితే హ్యాండ్‌బ్రేకు పట్టేది ఒక్క చక్రాన్నే, అప్పుడు గేరు కావాలి. ఎందుకైనా మంచిది, రెండూ వేసి, కింద మిగిలిన చక్రాలకు పల్లం వైపు రాళ్లు పెట్టండి. పని అయ్యాక ఆ రాళ్లు తీసి పక్కన పడేయండి! ఘాట్‌లో చాలామంది అక్కడే వదిలేసి పోతారు, వెనకొచ్చే బైకువాడికి అదే గండం.

నట్లు చక్రం నేల మీదున్నప్పుడే అర చుట్టు వదులు చేయాలి, లేపాక కాదు. టైరు షాపుల్లో గాలి గన్నుతో ఎంత బిగిస్తారంటే, కారుతో వచ్చిన పొట్టి పానాకు అవి కదలవు. పానా తొడిగి కాలితో తొక్కాలి, లేదా రెండడుగుల ఇనుప పైపు డిక్కీలో పడేసుకోవాలి. అల్లాయ్ చక్రాలకు దొంగలు విప్పకుండా వేసే లాక్ నట్టు ఉంటే దాని తాళం ఎక్కడుందో ఇంట్లోనే చూసుకోండి. అది లేకపోతే వచ్చిన మెకానిక్ కూడా చేతులెత్తేస్తాడు. బిగించేటప్పుడు వరసగా కాకుండా ఎదురెదురు నట్లు బిగించాలి. యాభై కిలోమీటర్లు పోయాక ఇంకోసారి పానా వేసి చూడండి.

పంచర్ షాపులో చిల్లులో రబ్బరు తాడు దూర్చి పంపేస్తే ఊరు చేరడానికి అది చాలు. తిరుగు ప్రయాణం పెద్దదైతే టైరు విప్పించి లోపలినుంచి ప్యాచ్ వేయించండి.