కోలాను ఎత్తుకోవాలా, చూసి రావాలా?

అడగండి, చెబుతాను: పాఠకుల ప్రశ్నలకు జంతుశాస్త్రం విశ్రాంత అధ్యాపకురాలి జవాబులు

ప్రశ్న: మేడమ్ గారూ, నాకు అరవై రెండేళ్లు. మా అమ్మాయి వాళ్లు బ్రిస్బేన్‌లో ఉంటారు. జూన్ నెలాఖరుకి నేనూ మా వారూ వెళ్తున్నాం. గోల్డ్ కోస్ట్ దగ్గర డ్రీమ్‌వరల్డ్‌కి తీసుకెళ్తానని అల్లుడు అంటున్నాడు. రైడ్లు ఎక్కే వయసు కాదు మాది, మా వారికి బీపీ కూడా ఉంది. అక్కడ కోలాలు, కంగారూలు ఉంటాయట, ఆదివాసుల సంస్కృతి కూడా చూపిస్తారట. అంత టికెట్ పెట్టి వెళ్లడం దండగ కాదా? మనవరాలేమో ‘అమ్మమ్మా, కోలాను ఎత్తుకుని ఫొటో దిగుదాం’ అని ఫోన్‌లో రోజూ ఒకటే పోరు. ఇంకొకటి, వాళ్ల చుక్కల బొమ్మలు, ఆ పొడుగాటి బూర ఇక్కడికి కొనుక్కురావాలని ఉంది. ఎక్కడ కొనాలి?
– ఒక పాఠకురాలు, దిల్‌సుఖ్‌నగర్

జవాబు: తప్పకుండా వెళ్లండి చెల్లెమ్మా. రైడ్లు ఎక్కేవాళ్లని ఎక్కనివ్వండి, మీరిద్దరూ నేరుగా జంతువుల వైపు నడవండి. మా అమ్మాయి దగ్గర ఉన్నప్పుడు నేనూ అలాగే చేశాను. 1981లో మొదలైన పార్కు అది, ఊరి పేరు కూమెరా. రోలర్‌కోస్టర్ మోత కాస్త వెనకబడగానే యూకలిప్టస్ వాసన తగులుతుంది. ఆస్ట్రేలియా సొంత జంతువులనీ, ఆ నేల మనుషుల సంస్కృతినీ ఒకచోట చూపించాలని ‘కరోబరీ’ అనే పేరుతో పెట్టిన భాగం అది. చాలామంది దాన్ని దాటుకుని రైడ్ల వరుసల్లోకి పరుగెడతారు. నన్నడిగితే ఆ టికెట్ డబ్బు గిట్టుబాటయ్యేది అక్కడే.

ముందు కోలా సంగతి. బ్రిస్బేన్, గోల్డ్ కోస్ట్ ఉన్న క్వీన్స్‌లాండ్ రాష్ట్రంలో కోలాను ఎత్తుకోవడానికి చట్టం ఒప్పుకుంటుంది. కాకపోతే ఒక్కో కోలాను రోజుకి 30 నిమిషాలకు మించి జనం చేతికి ఇవ్వకూడదు. పక్కనే ఉన్న న్యూ సౌత్ వేల్స్‌లో అసలు ఎత్తుకోనివ్వరు. ఇక బ్రిస్బేన్‌లోనే 1927 నుంచి ఉన్న లోన్ పైన్ కోలా శాంక్చురీ ఉంది చూశారూ, కోలాతో ఫొటోకి ప్రపంచమంతా పేరుపడ్డ చోటు. 2024లో వాళ్లే జనానికి కోలాను చేతికివ్వడం మానేశారు. చట్టం అడ్డు చెప్పకపోయినా మానేశారు. మీరు నా మాట అడిగారు కాబట్టి చెబుతున్నాను: మీరూ ఎత్తుకోవద్దు.

ఎందుకంటారా? అది తినేది యూకలిప్టస్ ఆకు. అందులో పోషకాలు తక్కువ, విషపదార్థాలు ఎక్కువ. వందల రకాల యూకలిప్టస్ చెట్లున్నా కోలా ముట్టేవి కొన్నే. రోజుకి అరకిలో నుంచి కిలో దాకా తింటుంది. ఆ ఆకుని అరిగించుకోవడానికి చాలా శక్తి కావాలి, దాని నుంచి వచ్చే శక్తేమో అంతంతమాత్రం. అందుకే రోజులో 18 నుంచి 20 గంటలు నిద్రలోనే ఉంటుంది. ఆ నిద్ర దాని ప్రాణానికి అవసరం. అలాంటి జీవాన్ని లేపి, ఒకరి భుజం మీంచి ఇంకొకరి భుజం మీదికి మార్చి, ఫ్లాష్ కొట్టడం నాకు మనసొప్పదు.

ఎత్తుకోకపోతే ఏం పోగొట్టుకుంటామన్న బెంగ అక్కర్లేదు. ఆకు మార్చే వేళ ఎప్పుడో కీపర్లని అడిగి ఆ టైముకి కంచె దగ్గర నిలబడండి. నేను చూసినప్పుడు కీపర్ అమ్మాయి తాజా కొమ్మల కట్ట తెచ్చి నీళ్ల గొట్టాల్లో గుచ్చి వెళ్లింది. చెట్టు పంగలో ముడుచుకుని ఉన్న కోలా కళ్లు తెరవకుండానే ముక్కు కదిపింది. కాసేపటికి చెయ్యి చాపి ఒక రెమ్మ దగ్గరికి లాక్కుని వాసన చూసింది, వదిలేసింది. ఇంకోటి లాగింది, అదీ వదిలేసింది. మరో రెమ్మ నచ్చింది కాబోలు, కొసన ఉన్న ఆకు నుంచి మొదలుపెట్టి నమిలింది. ఆ చెయ్యి బాగా చూడండి. ఐదు వేళ్లలో రెండు ఒకవైపు, మూడు ఇంకోవైపు తిరిగి ఉంటాయి. మనకి ఒక బొటనవేలు ఉంటే దానికి రెండు ఉన్నట్టు. వేళ్ల కొసల మీద మన వేలిముద్రల్లాంటి గీతలే ఉంటాయి. మగ కోలా అయితే రొమ్ము మధ్యలో జిడ్డుగా ముదురు మచ్చ కనిపిస్తుంది. దాన్ని మానుకి రుద్ది, ఈ చెట్టు నాది అని వాసనతో చెప్పుకుంటుంది. ఎత్తుకుని కెమెరా వైపు నవ్వే ఆ అరనిమిషంలో ఇవేవీ కనబడవు. మనవరాలికి ఈ గుర్తులు ముందే చెప్పి వెతకమనండి, ఫొటో ఊసు మర్చిపోతుంది.

ఆ పిల్లకి కథ ఒకటి కూడా చెప్పండి, నిజం కథ. 1927 ఆగస్టులో అదే క్వీన్స్‌లాండ్ ప్రభుత్వం కోలాల వేటకి అనుమతిచ్చింది, తోళ్ల వ్యాపారం కోసం. ఆ ఒక్క నెలలో ఐదు లక్షలకు పైగా కోలాలను చంపారు. జనం భగ్గుమన్నారు, మళ్లీ అక్కడ అలాంటి వేట జరగలేదు. వేట ఆగింది గానీ చెట్లు కొట్టడం ఆగలేదు. రోడ్లు, కుక్కలు, క్లమీడియా అనే జబ్బు, 2019-20 కార్చిచ్చులు అన్నీ కలిసి, 2022లో క్వీన్స్‌లాండ్‌తో పాటు న్యూ సౌత్ వేల్స్, కాన్‌బెరా ప్రాంతాల్లోనూ కోలాను అంతరించే ప్రమాదమున్న జీవిగా ప్రకటించాల్సి వచ్చింది. పార్కు ఉన్న కూమెరా చుట్టుపక్కలే అడవి కోలాలుండే చెట్లు పోయి ఇళ్లు వచ్చాయి. మనకిది కొత్త సంగతి కాదు. 2025లో కంచ గచ్చిబౌలి భూముల్లో బుల్‌డోజర్లు దిగినప్పుడు నెమళ్ల అరుపులు మనమంతా ఫోన్లలో విన్నాం, ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆపమనేదాకా చెట్లు కూలుతూనే ఉన్నాయి. అక్కడ కంచె లోపలి కోలాను చూసి మురిసిపోయేటప్పుడు, కంచె బయటి కోలాలు ఏమయ్యాయని కూడా కీపర్లని అడగండి. వాళ్లు సంతోషంగా చెబుతారు, అలా అడిగేవాళ్లు వాళ్లకి తక్కువ.

ఇక ఆదివాసుల సంగతి. ఈ విషయంలో నాకు కాస్త పట్టింపు ఎక్కువ, కారణం చెబుతాను. మన ఆదిలాబాద్ గోండుల గుస్సాడీ మీకు తెలుసు. దీపావళి రోజుల్లో దండారీ పండుగకి నెమలి ఈకల టోపీ పెట్టుకుని ఊరూరా ఆడతారు. ఆ టోపీకి పూజ ఉంటుంది, ఆడేవాళ్లకి నియమాలుంటాయి. ఆ నాట్యం నేర్పిన కనకరాజు గారికి 2021లో పద్మశ్రీ వచ్చింది. అలాంటి నాట్యాన్ని హైదరాబాద్‌లో ఫంక్షన్ హాల్ గేటు దగ్గర అతిథుల్ని ఆహ్వానించడానికి నిలబెడతారు. వచ్చినవాళ్లు సెల్ఫీ తీసుకుని భోజనాల వైపు వెళ్లిపోతారు. అది చూస్తే నాకు కడుపు రగిలిపోతుంది. అందుకే ఆ పార్కులోకి అనుమానంతోనే అడుగుపెట్టాను.

నేను గమనించింది ఒకటే: మాట్లాడుతున్నది ఎవరు? అక్కడ నిలబడ్డ యువకుడు తన జాతి పేరు, తన నేల పేరు చెప్పాకే మిగతా మాటలు మొదలుపెట్టాడు. గోల్డ్ కోస్ట్ ప్రాంతం యుగంబే జనానిది. లోగన్ నది నుంచి దక్షిణాన ట్వీడ్ నది దాకా వాళ్ల నేల. అతను దారి పక్కనున్న పొడుగు గడ్డిపోచ ఒకటి లాగి మాకు చూపించాడు, లోమాండ్రా అంటారు దాన్ని. మొదట్లో తెల్లగా ఉండే భాగం నమిలి తినొచ్చట, పైభాగాన్ని చీల్చి సంచులు, బుట్టలు అల్లుతారట. నా చేతికిస్తే నమిలి చూశాను, పచ్చి బఠానీ రుచి. తోటకి అందం కోసం పెంచిన గడ్డి అనుకుని మేమంతా దాని పక్కనుంచే నడిచొచ్చాం. గవోండా అనే పెద్దమనిషి చనిపోయాక డాల్ఫిన్‌గా తిరిగొచ్చి, చేపల్ని ఒడ్డుకి తోలి తన వాళ్లకి సాయం చేశాడని ఆ తీరం వాళ్లు చెప్పుకునే కథ ఉంది. అది మీ మనవరాలి చేత అడిగించండి.

ఫొటో తీసే ముందు మాత్రం అడగండి. ఇంకో సంగతి, చనిపోయినవాళ్ల ఫొటోలు చూడటం, పేర్లు పలకడం వాళ్లలో చాలామందికి బాధ కలిగించే విషయం. అందుకే అక్కడి మ్యూజియంలలో ముందే హెచ్చరిక బోర్డు పెడతారు. ఆ బోర్డు కనబడితే గొంతు తగ్గించండి.

మీరు వెళ్లేది జూన్ నెలాఖరు అంటున్నారు, మంచి సమయం. జూలై మొదటి ఆదివారం నుంచి రెండో ఆదివారం దాకా దేశమంతా నయ్‌డాక్ వారం జరుపుకుంటారు. ఆదివాసులు తమ చరిత్రని, కళల్ని తామే ముందుండి చెప్పే వారం అది. చాలా కార్యక్రమాలకి టికెట్ కూడా ఉండదు. ఇంకా ఒకటి, బ్రిస్బేన్ నుంచి కూమెరా వెళ్లే రైలు బీన్‌లీ మీదుగానే పోతుంది. బీన్‌లీలో యుగంబే మ్యూజియం ఉంది, 1995లో మొదలైంది, వాళ్ల భాషని మళ్లీ నిలబెట్టే పని అక్కడే జరుగుతోంది. పార్కుకి ఒక రోజు, దీనికి ఇంకో పూట పెట్టుకోండి. ముందు మ్యూజియం చూసి తర్వాత పార్కుకి వెళ్తే ఇంకా మంచిది, అక్కడ వినేది తలకెక్కుతుంది. ఖర్చు గురించి దిగులొద్దు. 2024 ఆగస్టు నుంచి క్వీన్స్‌లాండ్ ప్రభుత్వ లోకల్ రైళ్లలో, బస్సుల్లో ఎంత దూరమైనా ఒక ప్రయాణానికి 50 సెంట్లే. ఎయిర్‌పోర్టు రైలుకి మాత్రం ఇది వర్తించదు.

కొనడం గురించి. ఆ పొడుగాటి బూర డిడ్జెరిడూ. అది గోల్డ్ కోస్ట్ వాళ్లది కాదు, ఉత్తరాన ఆర్న్‌హెమ్ లాండ్ వైపు పుట్టింది. చెదపురుగులు లోపల తినేసి డొల్ల చేసిన యూకలిప్టస్ కొమ్మతో చేస్తారు. చాలా తెగల్లో దాన్ని మగవాళ్లే ఊదుతారు, కాబట్టి మనవరాలు ఊదుతానంటే ముందు అక్కడున్నవాళ్లని అడగండి. చుక్కల బొమ్మలది ఇంకో ప్రాంతం. నడిమి ఎడారిలో, పపున్యా అనే చోట 1971 ప్రాంతంలో పెద్దలు తమ కథల్ని బోర్డుల మీద వేయడంతో అవి బయటి ప్రపంచానికి తెలిశాయి. చౌకగా దొరికే సావనీర్లని మాత్రం నమ్మకండి. ఇండోనేషియాలో చేయించిన బూమరాంగులు, బూరలని ఆదివాసుల చేతిపనిగా అమ్మినందుకు 2019లో బిరూబి ఆర్ట్ అనే కంపెనీకి అక్కడి ఫెడరల్ కోర్టు 23 లక్షల డాలర్ల జరిమానా వేసింది. బొమ్మ వేసిన మనిషి పేరు, ఏ తెగ, ఏ ఊరు అన్నది వస్తువుతో పాటు రాసిస్తే కొనండి, లేకపోతే వదిలేయండి. పెద్ద బూర మోసుకురావడం కంటే పేరున్న కళాకారిణి అల్లిన చిన్న బుట్ట నయం. షోకేసులో కాకుండా వాడుకోవచ్చు కూడా.

ప్రశ్న: నేను ఏడో తరగతి. కంగారూ పిల్ల సంచిలోనే పుడుతుందా?
– ఒక విద్యార్థి, మలక్‌పేట

జవాబు: కాదు నాన్నా. ఎర్ర కంగారూ అయితే తల్లి కడుపులో దాదాపు 33 రోజులే ఉండి బయటికి వస్తుంది. అప్పటికి ఒక చిక్కుడు గింజంత, బరువు ఒక గ్రాము కూడా ఉండదు. కళ్లు తెరుచుకోవు, వెనక కాళ్లు సరిగ్గా ఏర్పడవు. ముందు చేతులు మాత్రం గట్టివి. వాటితో తల్లి బొచ్చు పట్టుకుని తనంతట తానే పాకుకుంటూ సంచిలోకి వెళ్లి చనుమొన అందుకుంటుంది. తల్లి ఎత్తి పెట్టదు. సుమారు ఎనిమిది నెలలకి సంచి పూర్తిగా వదిలేస్తుంది, ఆ తర్వాత కూడా కొన్ని నెలలు తల సంచిలోకి దూర్చి పాలు తాగుతుంది. మన నెహ్రూ జూపార్క్‌కి వెళ్లినప్పుడు మూషిక జింక గురించి కూడా అడుగు. కుందేలంత జింక అది. అత్తాపూర్‌లో అంతరించే జంతువుల్ని కాపాడే ప్రయోగశాల లాకోన్స్ శాస్త్రవేత్తలు, జూ వాళ్లు కలిసి పెంచి, అమ్రాబాద్ అడవిలో వదిలారు. కంగారూ ఎంత వింతో ఇదీ అంతే, పైగా మన ఊళ్లోనే పుట్టి పెరిగింది.

ప్రశ్న: మా అబ్బాయి ఆస్ట్రేలియాలో చదువుకి వెళ్తున్నాడు. ఆవకాయ, కరివేపాకు, వాళ్ల ప్రొఫెసర్‌కి ఇవ్వడానికి నెమలిపింఛాలు పెట్టవచ్చా?
– ఒక తల్లి, కూకట్‌పల్లి

జవాబు: పింఛాలు వద్దమ్మా, వాటిని మన దేశం నుంచి బయటికి పంపడం నిషేధం. పచ్చి కరివేపాకు, పండ్లు, విత్తనాలు కూడా తీసేయండి. ఆవకాయ పెడితే విమానంలో ఇచ్చే కార్డులో ఆహారం ఉందని తప్పక రాయించండి. రాసి చూపిస్తే మహా అయితే తీసి పారేస్తారు, రాయకుండా దొరికితే జరిమానా వేస్తారు. అంత కట్టుదిట్టం ఎందుకంటే, చెరకు పురుగుల్ని తింటాయని 1935లో హవాయి నుంచి క్వీన్స్‌లాండ్‌కి కప్పలు తెచ్చి వదిలారు. పురుగులు తగ్గలేదు, కప్పలు మాత్రం కోట్లలో పెరిగాయి. ఆ విషపు కప్పని మింగి అక్కడి ఉడుములు, క్వోల్ అనే చిన్న మాంసాహార జంతువులు ఇప్పటికీ చస్తున్నాయి. డబ్బా మీద మామిడి, ఆవపిండి, మెంతులు, నూనె అని ఇంగ్లీషులో రాసి అతికించండి, తనిఖీ త్వరగా అయిపోతుంది.